మెటాస్టాసియోనా, డా పోంటేనా?

ఒపెరాలకి (పాటలతో నడిచే పాశ్చాత్య సంగీత నాటకాలకి) కథా మాటలూ పాటలూ రాసినవాళ్ళలో ముందు ఎవరిని పట్టుకోవాలంటే ఈ ఇద్దరే గుర్తొస్తారు. ఇద్దరూ ఇటలీవాళ్ళే, ఇద్దరూ వియన్నాలో పనిచేశారు, అక్కడితో పోలిక సరి.

మెటాస్టాసియో 1730లో ఆస్థాన కవిగా వెళ్ళి, 1782లో పోయేదాకా అక్కడే హాయిగా ఉన్నాడు. రాజులు, త్యాగాలు, ధర్మసంకటాలు. సీను చివర పాత్ర ఓ పాట పాడి నిష్క్రమిస్తుంది, కథ మళ్ళీ మాటల్లో నడుస్తుంది. పద్యం మాత్రం ఎంత నునుపంటే, ఒకే కథకి పదుల మంది సంగీతం కట్టారు.

డా పోంటేది జీవితమే ఒపెరా. 1749లో యూదు కుటుంబంలో పుట్టి, మతం మారి, ఫాదరై, ఆడవాళ్ళ గొడవల్లో వెనిస్ నుంచి బహిష్కరణకి గురై, వియన్నా చేరి స్వరకర్త మోజార్ట్‌కి మూడు ఒపెరాలు రాశాడు: 'ఫిగారో పెళ్ళి' (1786), 'డాన్ జొవాన్ని' (1787), 'కోసీ ఫాన్ తుత్తే' (1790). అప్పుల తలనొప్పితో 1805లో అమెరికా పారిపోయి కిరాణా కొట్టు పెట్టాడు, 1825లో కొలంబియా కాలేజీలో ఇటాలియన్ ప్రొఫెసరయ్యాడు!

నా ఓటు డా పోంటేకే. ఫిగారో రెండో అంకం ముగింపు వినండి: ఇద్దరితో మొదలైన గొడవ ఏడుగురయ్యేదాకా పాటలోనే పెరుగుతుంది, కథ ఎక్కడా ఆగదు. అదంతా మోజార్ట్ గొప్పే అంటారు కొందరు, కానీ అదే ఏడాది మార్తీన్ ఇ సోలెర్ అనే ఇంకో స్వరకర్తకి డా పోంటే రాసిన ఒపెరా వియన్నాలో ఇంకా పెద్ద హిట్టు.