అనంతపురం కోర్టు రోడ్డులో సర్వీసు కేసుల లాయరు ఆఫీసు: నా అనుభవం

బదిలీ ఆర్డరు చేతికొచ్చిన రోజు నాకు కాళ్లూ చేతులూ ఆడలేదు. అనంతపురం నుంచి మడకశిరకు. ప్రభుత్వ ఉద్యోగం నాది, ఈ సీట్లోకి వచ్చి రెండేళ్లు కూడా కాలేదు. మా అత్తకు వారానికి రెండుసార్లు డయాలసిస్, ఆసుపత్రికి తీసుకుపోయేది నేనే.

మొదట కలిసిన లాయరు కాగితం సాంతం చదవకుండానే "స్టే గ్యారంటీ, పాతికవేలు" అన్నాడు, అంటే కోర్టు బదిలీని ఆపేస్తుందని. భయమేసి వచ్చేశాను. తోటి ఉద్యోగి ఒకామె చెబితే ఈ ఆఫీసుకు వెళ్లాను.

ఇక్కడి పెద్దాయన ఆర్డరు రెండుసార్లు చదివి, "రిలీవ్ చేశారామ్మా?" అని అడిగారు. పాత సీటు నుంచి తప్పించేశారన్నాను. "అయితే ముందు పోయి జాయిన్ కా. సెలవు పెట్టి ఇంట్లో కూర్చోవద్దు" అన్నారు. బదిలీ అయిన చోటికి పోనందుకు గుజరాత్ విద్యుత్ బోర్డు ఉద్యోగి ఒకాయన ఉద్యోగమే పోయిందనీ, 1989లో సుప్రీంకోర్టు కూడా బోర్డు చేసిందే సరి అన్నదనీ చెప్పారు. నేను అప్పటికే మెడికల్ లీవు రాసి బ్యాగులో పెట్టుకుని ఉన్నాను. అక్కడే చించేశాను.

నా సీటు ఇంకొకరి కోసం ఖాళీ చేయించారని నా అనుమానం. పిటిషన్లో అదే రాయమన్నాను. "దురుద్దేశం అని రాస్తే ఆ అధికారిని పేరుతో పార్టీగా చేర్చాలి, రుజువు చూపాలి. నీ దగ్గర ఉన్నది విన్నమాటే కదమ్మా" అన్నారు. ఆ రోజు కోపమొచ్చింది. చట్టబద్ధమైన నిబంధన మీరితేనో, దురుద్దేశం ఉంటేనో తప్ప బదిలీల్లో కోర్టులు జోక్యం చేసుకోకూడదని 1991లో శిల్పి బోస్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు. అది తెలుగులో విడమర్చి చెప్పాక ఆయన మాట అర్థమైంది. ఇంటి కష్టం ముందు శాఖకే చెప్పుకోవాలని, డయాలసిస్ కాగితాలన్నీ జతచేసి రిప్రజెంటేషన్, అంటే వినతిపత్రం, పెట్టించారు.

జవాబు రాకపోయాకే హైకోర్టులో రిట్ పిటిషన్ వేశారు. రాష్ట్ర ఉద్యోగుల కేసులు వినే ట్రైబ్యునల్ ఎత్తేశాక మన కేసులు నేరుగా అమరావతిలో హైకోర్టుకే పోతున్నాయి. అఫిడవిట్ ఇంగ్లీషులో ఉంటే, జూనియర్ అమ్మాయి ఒక్కో పేరా తెలుగులో చదివి చెప్పాకే సంతకం పెట్టించుకుంది. వాయిదా ఉన్న ప్రతిసారీ సాయంత్రానికి ఫోన్ చేసేది. ఫీజు 18,000, రెండు విడతల్లో, రసీదుతో.

స్టే రాలేదు. నా రిప్రజెంటేషన్ మీద నాలుగు వారాల్లో కారణాలతో ఆర్డరు ఇవ్వమని కోర్టు చెప్పింది. శాఖ నన్ను ధర్మవరానికి మార్చింది. పాత సీటు దక్కలేదు గానీ, రైల్లో పోయి రాత్రికి ఇంటికి వస్తున్నాను. డయాలసిస్ రోజున మా అత్త పక్కన నేనే ఉంటున్నాను. ఆ పెద్దాయనకు చేతులెత్తి దండం పెడతాను.

ఇబ్బంది ఒక్కటే. మెట్లు నిటారుగా ఉంటాయి, కూర్చోను నాలుగే కుర్చీలు. బదిలీల సీజన్లో రెండు గంటలైనా నిలబడాలి. సాయంత్రం ఏడు దాటాక వెళ్లండి. ఆర్డరు, రిలీవింగ్ కాగితం, ఇప్పటిదాకా పనిచేసిన చోట్ల తేదీలు రాసుకుని పొండి. ఆయన మొదట అడిగేవి అవే.