పద్దెనిమిది నెలలు కథలు రాయడం నేర్చుకున్నాక

కాల్పనిక కథలు రాయడం నేర్పే ఒక ఆన్‌లైన్ కోర్సులో చేరి పద్దెనిమిది నెలలైంది. 24 వీడియో పాఠాలు, నెలకో కథ, తోటివారి కథలు చదివి అభిప్రాయం రాయడం. రుసుము 9,500 రూపాయలు. కర్నూలులో ఎరువుల దుకాణంలో లెక్కలు రాసుకునే నాకు అది చిన్న మొత్తం కాదు.

వీడియోల్లో సగం ఊకదంపుడు. ఉదాహరణలన్నీ మంచుకొండలు, కోటలు. కొండారెడ్డి బురుజు పక్కనుంచి రోజూ దుకాణానికి వెళ్లేవాణ్ణి కాబట్టి కోటతో పేచీ లేదు. మంచు దగ్గరే ఊహ మొరాయించేది.

ఏడో పాఠం మాత్రం డబ్బులు రాబట్టింది. కథలో మాయ ఉంటే దానికి వెల ఉండాలన్నది అందులోని మాట. అప్పుడు నేను జొన్నగిరి మీద కథ రాస్తున్నాను. తొలకరి పడితే చాలు, తుగ్గలి మండలంలోని ఆ పొలాల్లో వజ్రాల కోసం జనం నేలను కళ్లతో జల్లెడ పడతారు. నా కథలో పన్నెండు రోజులు వెతికాక ఒక అవ్వకు వజ్రం దొరుకుతుంది, అప్పులు తీరతాయి, అంతే. పాఠం విన్నాక మార్చాను: ఆ నేలలో వజ్రం తీసుకున్నవాళ్లు తమవాళ్లలో ఒకరి పేరు మరచిపోతారు. ఆ ఒక్క వాక్యంతో అవ్వ చెయ్యి రాయి మీద ఆగింది. అంతవరకు నా కథల్లో ఎవరూ దేనికీ ఆగలేదు.

ఇక అసంతృప్తి. కథలు ఇంగ్లీషులోనే పంపాలి. అవ్వ చేత ఉగ్గాని తినిపిస్తే, అదేమిటో వివరించమన్నారు. మరమరాలు నానబెట్టడం నుంచి పప్పులపొడి చల్లడం దాకా రాసేసరికి అవ్వ ఆకలి కాస్తా వంటల పాఠమైంది. పైగా నా రెండో కథకూ అయిదో కథకూ శిక్షకుల నుంచి అక్షరం తేడా లేని ఒకే అభిప్రాయం వచ్చింది. అడిగితే జవాబు లేదు.

తోటి విద్యార్థుల్లో తెలుగువాళ్లం నలుగురం తేలాం. ఆదివారం సాయంత్రాలు ఫోనులో తెలుగు కథలే చదువుకుంటున్నాం. జొన్నగిరి కథ విని కడపలో ఉండే అక్క ఒకటే అడిగారు: "పేరు మరచిపోవడం బాగుంది తమ్ముడూ. మరి వజ్రం దొరకని పన్నెండు రోజులూ ఆమె ఎక్కడ పడుకుంది?"

నాకు తెలియదు. కిందటి జూన్‌లో బస్సెక్కి వెళ్లాను. చెట్టు కింద పట్టా పరుచుకున్న ఒక పెద్దావిడ పక్కన కూర్చుని, రాళ్లు ఎలా గుర్తుపడతారని అడిగాను. "ఎండ వాలినప్పుడు చూడాల నాయనా. నడినెత్తిన ఉంటే గాజుపెంకు కూడా వజ్రమే" అంది. రాత్రి వాన వస్తే అదే పట్టా మీదకు లాక్కుంటుందట. పడుకోవడం మాత్రం కూర్చునేనట.

కథ చివరి రూపంలో ఈ రెండూ ఉన్నాయి. వాటిని ఏ పాఠమూ ఇవ్వలేదు, కానీ అడిగిన అక్క ఆ కోర్సులోనే దొరికారు. అందుకే అయిదుకు మూడు మార్కులు. ఇంగ్లీషులో రాసే అలవాటు ఉన్నవారికి నాలుగు కావచ్చు. గడువు ఈ నెలాఖరుతో ముగుస్తుంది, పొడిగించుకోవడం లేదు. వచ్చే ఆదివారం చదవాల్సిన వంతు నాదే.