హోమ్ లోన్ ఉన్నవాళ్లూ, తీసుకోబోయేవాళ్లూ: ఈఎంఐ పెరగలేదని సంబరపడకండి

కర్నూలులో ఇల్లు కొనడానికో, ఉన్న స్థలంలో కట్టుకోవడానికో లోన్ కోసం తిరుగుతున్నవాళ్లు ఇది చదివాకే సంతకాలు పెట్టండి. ఇప్పటికే లోన్ నడుస్తున్నవాళ్లయితే ఇవాళే స్టేట్‌మెంట్ తెప్పించుకుని, ఇంకా ఎన్ని వాయిదాలు మిగిలాయో చూడండి. ఎంత కట్టారు, ఎంత బాకీ ఉంది అన్నవి తర్వాత. ముందు మిగిలిన నెలలు చూడండి.

మేం 2021 మొదట్లో కల్లూరు వైపు ఇల్లు తీసుకున్నాం. లోన్ ఇచ్చింది ఒక హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ, పేరు రాయను. 25 లక్షలు, 20 ఏళ్లు, 7.5 శాతం, ఫ్లోటింగ్ రేటు, అంటే మధ్యలో పెరుగుతూ తగ్గుతూ ఉండేది. ఈఎంఐ 20,140 రూపాయలు. ప్రతి నెలా జీతం ఖాతాలోంచి పోయేది, ఒక్కటీ తప్పలేదు. 2023 మార్చి అయిపోయాక ఇన్‌కమ్ ట్యాక్స్ కోసం వడ్డీ సర్టిఫికెట్ తెప్పించుకున్నాం. ఆ ఏడాది కట్టిన మొత్తం 2,41,680. అందులో అసలుకు జమైంది 37 వేల చిల్లర. లోన్ తీసుకున్న మొదటి ఏడాదే 56 వేలు జమైంది. ఏటేటా పెరగాల్సిన అంకె తగ్గిందేంటని పూర్తి స్టేట్‌మెంట్ అడిగి తెచ్చుకుంటే, చివరి పేజీ అడుగున ఒక గడిలో ఉంది: మిగిలిన వాయిదాలు 361.

మేం అప్పటికి 26 వాయిదాలు కట్టాం. 20 ఏళ్ల లోన్‌లో మిగలాల్సినవి 214. మా దాంట్లో 361 అంటే ఇంకా ముప్పై ఏళ్లు. అది తీరేనాటికి మా ఆయనకు డెబ్బై వస్తాయి.

బ్రాంచికి వెళ్తే అక్కడి అబ్బాయి ఎంతో మర్యాదగా చెప్పాడు. "రేట్లు పెరిగాయి మేడమ్. మీ మీద భారం పడకూడదని ఈఎంఐ పెంచలేదు, టెన్యూర్, అంటే గడువు, అడ్జస్ట్ అయింది. సిస్టమే చేసేస్తుంది." మాకెవరూ చెప్పలేదే అంటే మెసేజ్ వచ్చి ఉంటుందన్నాడు. ఫోన్‌లో వెతికితే నిజంగానే ఉంది, కరెంటు బిల్లుకూ చీరల ఆఫర్‌కూ మధ్యలో. మీ లోన్ రేటు సవరించాం, వివరాలకు వెబ్‌సైట్ చూడండి అని. నెలలు పెరిగిన సంగతి అందులో ఒక్క ముక్క లేదు.

ఇది ఎలా జరుగుతుందో లెక్క చూడండి. రిజర్వ్ బ్యాంకు రెపో రేటు, అంటే బ్యాంకులకు అది అప్పిచ్చే రేటు, 2022 మే దాకా 4 శాతం ఉండేది. 2023 ఫిబ్రవరికి 6.50 అయింది. దాంతో ఫ్లోటింగ్ లోన్ల రేట్లు పెరిగాయి, మాది 9.5కు చేరింది. అప్పటికి మా బాకీ 23.97 లక్షలు. దాని మీద నెల వడ్డీయే 18,975. కట్టే 20,140లో అది పోగా అసలుకు చేరేది 1,165 రూపాయలు. ఈ లెక్కన బాకీ కరగాలంటే ముప్పై ఏళ్లు పట్టక ఏం చేస్తుంది?

మాకంటే తక్కువ రేటుకు తెచ్చుకున్నవాళ్ల పరిస్థితి ఇంకా అన్యాయం. 25 లక్షలు 7 శాతానికి, 20 ఏళ్లకు తీసుకుంటే ఈఎంఐ 19,382. లోన్ కొత్తలోనే రేటు 9.5 అయితే ఆ 25 లక్షల మీద నెల వడ్డీ 19,791. అంటే ఈఎంఐ మొత్తం కట్టినా వడ్డీకే చాలదు, నెల గడిచేకొద్దీ అప్పు పెరుగుతుంది. చౌకగా దొరికిందనుకున్న లోన్‌లోనే ఈ ప్రమాదం ఎక్కువ, ఎందుకంటే ఈఎంఐ తక్కువకు కుదిరి ఉంటుంది.

మేం రాతపూర్వకంగా అడిగాం, ఈఎంఐ పెంచి మిగిలిన నెలలను 214కే తెచ్చిపెట్టమని. కొత్త ఈఎంఐ 23,283 అయింది. నెలకు 3,143 అదనం. ఇంట్లో సర్దుకోవడం కష్టమే, పిల్లల ఫీజులున్నాయి. కానీ 20,140 చొప్పున 361 నెలలు కడితే 72.7 లక్షలు, 23,283 చొప్పున 214 నెలలైతే 49.8 లక్షలు. రేటు అలాగే ఉంటే దాదాపు 23 లక్షల తేడా. మేం తీసుకున్న అప్పంత మొత్తం, "భారం పడకూడదని" వాళ్లు చేసిన మేలు వల్ల పోయేది.

ఆ తర్వాత 2023 ఆగస్టు 18న రిజర్వ్ బ్యాంకు దీని మీద ఉత్తర్వు ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కలిపి చేయాలా అన్నది అప్పు తీసుకున్నవాళ్లను అడగాలి. ఫిక్స్‌డ్ రేటుకు, అంటే మారని రేటుకు, మారే వీలూ చూపించాలని అప్పట్లో ఉండేది, 2025 అక్టోబరు నుంచి అది బ్యాంకుల ఇష్టానికి వదిలేశారు. వడ్డీకి కూడా చాలనంతగా గడువు సాగదీయకూడదు. అసలు ఎంత, వడ్డీ ఎంత వసూలు చేశారు, ఇంకా ఎన్ని ఈఎంఐలు మిగిలాయి అన్న స్టేట్‌మెంట్ మూడు నెలలకోసారి అందుబాటులో ఉంచాలి. బ్యాంకులకే కాదు, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకూ ఇది వర్తిస్తుంది. అయినా మీ లోన్ 2022కు ముందుదైతే ఒకసారి చూసుకోండి. అప్పుడు సాగిన గడువు దానంతటది వెనక్కి రాదు.

అసలు లోన్ అమ్మేటప్పుడే ఈ లెక్క మన కంటపడకుండా చూస్తారు. మన దగ్గర వడ్డీ అంటే నూటికి నెలకు ఇంత అనే కదా లెక్క. ఊర్లో పత్తికో ఉల్లికో పెట్టుబడి కావాలంటే రెండు రూపాయల వడ్డీకి తెస్తారు. ఏజెంటుకు ఈ సంగతి బాగా తెలుసు. "అన్నా, బయట రెండు రూపాయలు, మా దగ్గర అరవై రెండు పైసలే" అన్నాడు మా ఆయనతో. 7.5 శాతం అంటే నెలకు నూటికి అరవై రెండున్నర పైసలు, అబద్ధమేమీ కాదు. కానీ ఊర్లో తెచ్చిన అప్పు పంట చేతికొస్తే తీర్చేస్తారు. ఇది 240 నెలలు. అరవై రెండు పైసలతోనే 25 లక్షలకు మొత్తం కట్టేది 48.34 లక్షలు, అదీ రేటు ఒక్కసారి కూడా పెరగకపోతే.

ఇంకో మాట కూడా అంటారు, ముప్పై ఏళ్లు పెట్టించుకోండి, ఈఎంఐ తక్కువ పడుతుందని. 25 లక్షలకు 8 శాతం చొప్పున 20 ఏళ్లకు ఈఎంఐ 20,911, ముప్పై ఏళ్లకు 18,344. నెలకు 2,567 తగ్గింది కదా అని సంతకం పెడితే మొత్తం మీద 15.85 లక్షలు ఎక్కువ కడతారు.

ఇన్సూరెన్స్ సంగతి చెప్పకపోతే ఈ పోస్టు సగమే అవుతుంది. మాకు మంజూరైంది 25 లక్షలు, అమ్మినాయన చేతికి వెళ్లింది 24 లక్షల చిల్లర. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్, వాల్యుయేషన్ అన్నీ పోనూ ఇంకా తేడా ఉందేంటంటే, 78 వేలు ఒకేసారి కట్టే ప్రీమియం కింద పట్టుకున్నారు. ఇల్లు రిజిస్ట్రేషన్‌కు రెండు రోజుల ముందు, సంతకాల కట్టలో మధ్యలో ఒక ఫారం. అదేంటంటే "లోన్ సెక్యూరిటీ కోసం, కంపల్సరీ" అన్నారు. అమ్మేవాళ్లకు తేదీ ఇచ్చేశాం, అడ్వాన్సు ఇచ్చేశాం, ఆ సమయంలో ఎవరు పోట్లాడగలరు? వాళ్లకూ అది తెలుసు. ఆ 78 వేలు కూడా అప్పులో భాగమే కాబట్టి దాని మీదా వడ్డీ. 7.5 శాతానికే ఇరవై ఏళ్లలో అది లక్షన్నర అవుతుంది. ఇంటి పెద్దకు ఏమైనా అయితే అప్పు కుటుంబం మీద పడకుండా ఇన్సూరెన్స్ ఉండటం మంచిదే, నేను కాదనను. కానీ వాళ్ల దగ్గరే, వాళ్లు చూపించిన పాలసీయే తీసుకోవాలన్న నిబంధన ఎక్కడా లేదు. మీకు నచ్చిన టర్మ్ పాలసీ విడిగా తీసుకుని ఏడాదికేడాది కట్టుకోవచ్చు. అప్పటికే అంటగట్టి ఉంటే, పాలసీ అందిన 30 రోజుల్లోపు నచ్చలేదని తిప్పికొట్టే హక్కు ఉంది. పాలసీ కాగితం చేతికి రాకపోతే మాత్రం అడిగి తెచ్చుకోండి. మాకది చాలా ఆలస్యంగా అందింది, ఎందుకో మీరే ఊహించుకోండి.

కొత్తగా తీసుకునేవాళ్లకు ఒక మంచి ఆయుధం ఉంది. 2024 అక్టోబరు 1 నుంచి ప్రతి హోమ్ లోన్‌కూ కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అనే కాగితం ఇవ్వాల్సిందే. అందులో ఏపీఆర్ అని ఒక శాతం ఉంటుంది. ఫీజులు, లోన్‌తో ముడిపెట్టిన ఇన్సూరెన్స్ వంటివన్నీ వడ్డీతో కలిపి లెక్కేసిన అసలైన రేటు అది. బోర్డు మీద 7.9 అని రాసి ఏపీఆర్ 8.4 ఉంటే, ఆ మధ్య తేడా ఎవరి జేబులోకి వెళ్తోందో అడగండి. నెలనెలా అసలెంత, వడ్డీ ఎంత అన్న పట్టిక కూడా దాంట్లోనే ఉండాలి. మీకు అర్థమయ్యే భాషలో రాసి ఇవ్వాలని నిబంధన ఉంది, తెలుగులో అడగండి. ఆ కాగితంలోని షరతులు కనీసం మూడు పనిదినాలు చెల్లుతాయి. కాబట్టి ఇంటికి తెచ్చుకుని, లెక్కలు తెలిసిన వాళ్లతో చదివించుకుని సంతకం పెట్టవచ్చు. "ఇవాళ పెట్టకపోతే రేటు పోతుంది మేడమ్" అంటే నమ్మొద్దు.

చెక్కు తేదీ విషయం కూడా గమనించండి. రిజిస్ట్రేషన్ వాయిదా పడి చెక్కు వాళ్ల బీరువాలోనే ఉంటే, ఆ రోజులకూ వడ్డీ వేయడం కొందరికి అలవాటు. డబ్బు మనకు అందిన రోజు నుంచే వడ్డీ వేయాలని 2024 ఏప్రిల్‌లో రిజర్వ్ బ్యాంకు గట్టిగానే చెప్పింది. మొదటి నెల వడ్డీని తేదీలతో సరిచూసుకోండి.

బ్యాంకా, ఫైనాన్స్ కంపెనీయా అని నన్ను అడిగితే, దొరికే అవకాశం ఉంటే బ్యాంకే అంటాను. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ హోమ్ లోన్లు రెపో వంటి బయటి రేటుకే ముడిపడి ఉంటాయి, కనీసం మూడు నెలలకోసారి రేటు సరిచేయాలి. ఫైనాన్స్ కంపెనీలు ప్రైమ్ లెండింగ్ రేటు అని తామే నిర్ణయించుకునే సొంత రేటు పెట్టుకుంటాయి. పెరిగేటప్పుడు మా రేటు ఎంత చురుగ్గా పెరిగిందో చెప్పాను కదా. 2025 ఫిబ్రవరి నుంచి డిసెంబరు మధ్య రెపో 6.50 నుంచి 5.25కు దిగింది. మా రేటు మాత్రం నత్తనడక. అదే బ్రాంచి బయట కొత్తవాళ్లకు 8 శాతం లోపే అని బ్యానర్ వేలాడుతుంటే, లోపల మమ్మల్ని ఆ రేటుకు మార్చడానికి కన్వర్షన్ ఫీజు అడిగారు. జీతం స్లిప్పులు లేని చిన్న వ్యాపారులకు బ్యాంకు లోన్ అంత తేలిగ్గా దొరకదు, అది నిజం. అలాంటివాళ్లు ఏటా ఒకసారి, తమ కంపెనీ కొత్తవాళ్లకు ఎంత రేటు ఇస్తోందో కనుక్కుని తగ్గించమని అడగాలి. ఒక్కోసారి కన్వర్షన్ ఫీజు కట్టడమే లాభం, లెక్క వేసి చూసుకోండి.

చేతిలో డబ్బు పడినప్పుడు అసలుకు కట్టేయండి. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ హోమ్ లోన్ మీద ముందస్తు చెల్లింపు చార్జీ వేయకూడదు. కట్టేటప్పుడు ఈఎంఐ అలాగే ఉంచి నెలలు తగ్గించమని రాసివ్వండి, లేకపోతే వాళ్లకు అనువైనదే చేస్తారు. 8 శాతం, 20 ఏళ్ల లోన్‌కు ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కడుతూ పోతే మూడేళ్లకు పైగా ముందే తీరుతుంది.

ట్యాక్స్ మిగులుతుందని ఇంకా కొందరు చెప్తున్నారు. సొంతంగా ఉండే ఇంటి వడ్డీ మీద 2 లక్షల మినహాయింపు పాత పద్ధతిలోనే, కొత్త పద్ధతిలో లేదు. రిజిస్ట్రేషన్, స్టాంపు ఖర్చులు కూడా లోన్‌లో వస్తాయని ఆశపడకండి, అవి సొంతంగా సిద్ధం చేసుకోవాల్సిందే.

ఫిర్యాదు చేయాలంటే ముందు ఆ సంస్థ గ్రీవెన్స్ అధికారికి రాయండి. నెల దాటినా జవాబు రాకపోతే బ్యాంకు మీదైతే ఇలాంటి ఫిర్యాదులు తేల్చే రిజర్వ్ బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ మీదైతే నేషనల్ హౌసింగ్ బ్యాంకుకు. ఫోన్‌లో మాట్లాడినవేవీ లెక్కలోకి రావు, అన్నీ రాతలో ఉంచుకోండి.

మేం చివరికి లోన్‌ను ఒక బ్యాంకుకు మార్చుకున్నాం. దానికీ ప్రాసెసింగ్ ఫీజు, మళ్లీ లీగల్ ఒపీనియన్, రిజిస్ట్రేషన్ ఆఫీసులో మళ్లీ తనఖా పత్రం, వాటి ఖర్చు. అవన్నీ పోనూ మిగిలేది ఉంటేనే మారండి. లోన్ చివరి నాలుగైదేళ్లలో ఉన్నవాళ్లకు పెద్దగా మిగలదు, వడ్డీలో ఎక్కువ భాగం అప్పటికే కట్టేసి ఉంటారు.

అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లోపు ఒరిజినల్ కాగితాలు ఇచ్చేయాలి, వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు చెల్లించాలి. ఈ నిబంధన 2023 డిసెంబరు నుంచి ఉంది. పాత కంపెనీ మాకు గడువు చివర్లో కాగితాలు పంపింది, చూస్తే పాత లింక్ డాక్యుమెంట్, అంటే ఇల్లు ముందు ఎవరి చేతుల్లోంచి వచ్చిందో చూపే దస్తావేజు, ఒకటి లేదు. అలాంటిది మీరు ఇవ్వనే లేదన్నారు మొదట. లోన్ తీసుకున్న రోజు ఏయే కాగితాలు ఇచ్చామో జాబితా రాయించి, బ్రాంచి స్టాంపు వేయించి మా ఆయన దాచిపెట్టారు. అది చూపించాక ఇప్పుడు వెతుకుతున్నామంటున్నారు. మీరూ ఆ జాబితా మీద స్టాంపు పడేదాకా బ్రాంచిలోంచి కదలకండి.