ఇంట్లో ఘాటు నూడుల్స్: పాకెట్టా, బండి స్టైలా, కాగిన నూనె పోసేదా?

ముందే చెప్పేస్తాను. మామూలు రోజు రాత్రి ఇంట్లో క్విక్‌గా చేసుకోడానికి నా ఓటు కాగిన నూనె పోసే నూడుల్స్‌కే. అర్ధరాత్రి ఆకలికి మ్యాగీ లాంటి పాకెట్. బండి స్టైల్ కావాలంటే బండి దగ్గరికే వెళ్ళండి, లేదంటే ఒక్క ప్లేటుకి సరిపడా మాత్రమే ఇంట్లో చేసుకోండి. ఈ తేడాలన్నీ రుచిని బట్టో సాస్ కంపెనీని బట్టో వచ్చినవి కావు, మన వంటింట్లో ఉన్న పొయ్యిని బట్టి వచ్చినవి.

బండి స్టైల్ సంగతి మొదట చూద్దాం, ఎందుకంటే అందరికీ కావాల్సింది అదే. విజయనగరంలో ఆర్టీసీ కాంప్లెక్స్ వైపు గానీ, శ్రీకాకుళంలో ఏడు రోడ్ల జంక్షన్ దరిదాపుల్లో గానీ ఏదో ఒక ఫాస్ట్ ఫుడ్ బండి దగ్గర నిలబడి, ఫోన్ జేబులో పెట్టి, ఆ కుర్రాడి చేతులు చూడండి. నూడుల్స్ ఎప్పుడో సాయంత్రమే ఉడికించి, నూనె పట్టించి టబ్బులో పోసి ఉంటాడు, అవి చల్లారి ఆరిపోయి పోగుకి పోగు అంటకుండా ఉంటాయి. మూకుడు కింద మంట బుస్సుమంటూ అంచుల దాకా ఎగబాకుతుంటుంది. గుడ్డు కొడితే పడీపడగానే పొంగుతుంది. క్యాబేజీ అరనిమిషంలో అంచులు మాడి, లోపల కరకరలాడుతూనే ఉంటుంది, దానికి నీరు ఊరే టైమే ఇవ్వడు. సాస్ కూడా నూడుల్స్ నెత్తిన పోయడు, మూకుడు పక్కల మీద పోస్తాడు, అది అక్కడ చుర్రుమని కాలినప్పుడు పుట్టే వాసన కోసమే మనం క్యూలో నిలబడేది.

ఇప్పుడు ఇంటికొద్దాం. మన గ్యాస్ పొయ్యికి అంత మంట ఎక్కడిది? నలుగురికి సరిపడా నూడుల్స్ ఒకేసారి మూకుట్లో పడేశామంటే మూకుడు కాస్తా చల్లబడిపోతుంది, క్యాబేజీ నీరు వదిలేస్తుంది, నూడుల్స్ ఆ నీళ్ళలో రెండోసారి ఉడికి ముద్ద కడతాయి. అప్పుడు ఇంకాస్త సోయా సాస్, ఇంకాస్త చిల్లీ సాస్ అని పోసుకుంటూ పోతే చివరికి ఉప్పు కషాయం అవుతుంది తప్ప బండి రుచి రాదు. దీనికి మార్గం లేకపోలేదు. నాన్‌స్టిక్ పక్కన పెట్టి ఇనప మూకుడు తీయాలి, సన్నగా పొగ లేచేదాకా కాల్చాలి, ఒక్కో వాయికి ఒక్క ప్లేటే వేయాలి. నూడుల్స్ కొంచెం పలుకు ఉండగానే వార్చి, చన్నీళ్ళు పోసి, చెంచాడు నూనె కలిపి, వెడల్పాటి పళ్ళెంలో పరిచి ఫ్యాన్ కింద పెట్టాలి. ఈ ఆరబెట్టడం దగ్గరే చాలామంది తొందరపడతారు, తడి మీద వేయించినవి ఎప్పటికీ విడివడవు. క్యారెట్, క్యాప్సికమ్ తరగడం, గిన్నెలు కడగడం కూడా కలుపుకుంటే ముప్పావుగంట ఎటూ పోదు. నాలుగో వాయి దిగేసరికి మొదటి ప్లేటు తిన్నవాళ్ళు చేయి కడుక్కుని సీరియల్ ముందు కూర్చుంటారు, వండినవాళ్ళు చివర్లో అడుగున మిగిలింది తింటారు. ఇందులో 'క్విక్' ఎక్కడుందో నాకైతే కనపడలేదు.

ఒక్క విషయంలో మాత్రం దీన్ని కొట్టేది లేదు. పొద్దున్న చేసి కారేజీలో పెడితే మధ్యాహ్నానికీ బాగుంటాయి. మిగతా రెండు పద్ధతులవీ గంట ఆగితే గడ్డ కట్టేస్తాయి.

సాస్ సీసాల గురించి కూడా ఓ మాట. హక్కా నూడుల్స్ అనేవి కలకత్తాలో స్థిరపడ్డ చైనా వాళ్ళ వంటలోంచి దేశమంతా పాకినవి. షెజ్వాన్ అని సీసా మీద రాసేది చైనాలోని సిచువాన్ పేరే కానీ, అక్కడ నాలుక తిమ్మిరెక్కించే ఆ మిరియం మన సీసాల్లో మామూలుగా ఉండదు, ఉండేది ఎండుమిర్చీ వెల్లుల్లీ నూనే వెనిగరూ. అవన్నీ మన ఇంట్లోనే ఉండగా ఆ సీసాకి డబ్బులు పోయడం నాకు మనసొప్పదు. టేస్టింగ్ సాల్ట్ (అజినమోటో) అంటారా, దాన్ని 1908లో కికునే ఇకెడా అనే జపాన్ శాస్త్రవేత్త సముద్రపు నాచు నుంచి తీశాడు. నేను వేయను, భయపడి కాదు, అదే రుచి సోయా సాస్‌లో ఎలాగూ ఉంటుంది కాబట్టి.

ఇక పాకెట్. దీన్ని చిన్నచూపు చూడక్కర్లేదు. నూడుల్స్‌ని ముందే ఉడికించి, నూనెలో వేయించి తడి లేకుండా చేసే పద్ధతిని జపాన్‌లో మొమొఫుకు ఆండో 1958లో మార్కెట్లోకి తెచ్చాడు. అంటే ఉడికిపోయినదాన్నే మనం మళ్ళీ నానబెడుతున్నాం, ఆ స్పీడు అందుకే. మ్యాగీ 1983లో మన దేశానికి వచ్చింది, ఇప్పుడు ఏ ఊరి కిరాణా కొట్లో అడిగినా తీసిస్తారు. దాన్ని ఘాటుగా మార్చుకోవడం పెద్ద పనేం కాదు. నూనెలో దంచిన వెల్లుల్లి, చీల్చిన పచ్చిమిర్చి వేగనిచ్చి, నీళ్ళు పాకెట్ మీద రాసినదానికంటే తగ్గించి పోసి, మసాలా పొడి సగమే వేయాలి, ఎందుకంటే ఉప్పు ఎక్కువగా అందులోనే ఉంది, మిగతా సగానికి బదులు కొంచెం కారం, దించాక నాలుగు చుక్కల వెనిగర్. గుడ్డు ఉంటే సరే. ఇంతే, దీనికి ఇంతకంటే చెప్పడానికేం లేదు.

కొరియా పాకెట్ల సంగతి వేరే. సామ్యాంగ్ కంపెనీ వాళ్ళ బుల్డాక్ నూడుల్స్ 2012లో కొరియాలో మొదలై ఇప్పుడు మన సూపర్ మార్కెట్ల దాకా వచ్చేసింది. 2024 జూన్‌లో డెన్మార్క్‌లో కారం మరీ ఎక్కువని మూడు రకాల్ని షాపుల్లోంచి తీయించేశారు, తర్వాతి నెలలో రెండింటికి మళ్ళీ సరే అన్నారు. ఆ వార్త వచ్చాక అవి తినడం మగతనం అయిపోయింది కుర్ర గుంటలకి. శ్రీకాకుళంలో మా మేనల్లుడు ప్లేటు నా ముందుకి తోసి "మావయ్యా, నీళ్ళు ముట్టుకోకుండా తినాల, అప్పుడు ఒప్పుకుంటాం" అన్నాడు. ఒక్క ముద్ద తిని "ఏట్రా ఇది, ముందు తీపి తగుల్తోంది, తర్వాత చెవులు మండుతున్నాయి, మధ్యలో మిరపకాయ రుచేదిరా" అన్నాను. నా ఫిర్యాదు ఇప్పటికీ అదే. మంట ఉంది, ఎండుమిర్చి కమ్మదనం లేదు. పైగా ఒక్క పాకెట్ ధరకి ఇంట్లో ఇద్దరు తృప్తిగా తినొచ్చు. సరదాకి తెచ్చుకుంటే మాత్రం సాస్ సగమే కలపండి, పక్కన పెరుగు పెట్టుకోండి. మిరప మంటకి కారణమైన క్యాప్సైసిన్ నీళ్ళలో కరగదు, గ్లాసుల కొద్దీ నీళ్ళు తాగినా నోరంతా పాకడం తప్ప తగ్గడం ఉండదు, పాలూ పెరుగే దాన్ని పట్టుకుంటాయి.

అసలుదానికి, అంటే కాగిన నూనె పోసేదానికి వద్దాం. చైనాలో షాన్‌షీ వైపు గోధుమ నూడుల్స్ ఉడికించి, మీద కారం, వెల్లుల్లి, ఉల్లికాడలు పెట్టి, బాగా కాగిన నూనె వాటి నెత్తిన పోస్తారు. మనం పోపు వేయించి పైన పోస్తాం, వాళ్ళు పోపు సామాను పైన పెట్టి నూనె పోస్తారు, అంతే తేడా. అక్కడి నూడుల్స్ చేత్తో సాగదీసిన వెడల్పాటివి. మనకి హక్కా నూడుల్స్ పాకెట్ చాలు, 150 గ్రాములది ఇద్దరికి వస్తుంది.

ఒక మనిషికి లెక్క చెప్తాను. నూడుల్స్ ఉడుకుతుండగా చివరి అరనిమిషంలో గుప్పెడు క్యాబేజీ తరుగు అదే నీళ్ళలో వేసేసి, రెండూ కలిపి వార్చాలి. చన్నీళ్ళు పోయొద్దు, ఇక్కడ వేడిగా ఉండటమే కావాలి. స్టీలు గిన్నెలో ఒకటిన్నర చెంచాల సోయా సాస్, చెంచా వెనిగర్, చిటికెడు బెల్లం తురుము వేసి నూడుల్స్ అందులోకి తీయాలి. బెల్లం అంటే ముఖం చిట్లించకండి, పులుసులో బెల్లం పడకపోతే ముద్ద దిగని ప్రాంతం మనది, సోయా ఉప్పదనాన్ని అది చక్కగా సర్దుతుంది. ఇప్పుడు నడిమధ్యన నాలుగు వెల్లుల్లి రెబ్బలు సన్నగా తరిగి, దాని మీద బరకగా దంచిన ఎండుమిర్చి ఓ చెంచా, ఉల్లికాడలు, వేయించిన నువ్వులు కుప్పగా పెట్టాలి. కొన్న కారం వద్దు, మరీ మెత్తగా ఉంటుంది కాబట్టి నూనె తగలగానే మాడుతుంది.

పోపు గరిటెలో రెండు పెద్ద చెంచాల వేరుశనగ నూనె కాచాలి. చిన్న వెల్లుల్లి ముక్క వేసి చూడండి, వెంటనే చుట్టూ బుడగలతో తేలి గిరగిరా తిరిగితే సరిపోయినట్టు, వేయగానే నల్లబడితే ఎక్కువ కాగినట్టు, అప్పుడు స్టవ్ కట్టేసి అరనిమిషం ఆగాలి. తర్వాత ఆ కుప్ప మీద గిన్నె చుట్టూ కాకుండా సూటిగా పోయాలి. చుయ్‌మంటుంది, కారం నురగలా పొంగుతుంది, ఓ క్షణం అంతా గోధుమరంగులో కనిపించి, నురగ అణిగాక ఎర్రటి నూనె నూడుల్స్ సందుల్లోంచి కిందికి జారుతుంది, వెల్లుల్లి అంచులు లేత బంగారం రంగుకి తిరుగుతాయి. వెంటనే అడుగు నుంచి కలిపేయడమే. నీళ్ళు మరగడం దగ్గర్నుంచి లెక్కేసినా పావుగంట పని. పిల్లల్ని ఆ గరిటె దరిదాపుల్లోకి రానివ్వకండి, ప్లాస్టిక్ గిన్నె అసలు వాడొద్దు.

ఇదెందుకు గెలుస్తుందంటే, ఇందులో పొయ్యి కాచాల్సింది రెండు చెంచాల నూనెనే. అది ఎంత సన్నటి మంట మీదైనా కాగుతుంది. నలుగురున్నా ఒకే గిన్నెలో నూడుల్స్ ఉడికించి నాలుగు గిన్నెల్లోకి తీసి, వరసగా నాలుగు గరిటెలు పోస్తే అందరూ ఒకేసారి కూర్చుని తింటారు. కారం ఎవరి గిన్నెలో ఎంత కావాలో అంత. మూకుట్లో మిర్చి వేయించినప్పుడు ఇల్లంతా దగ్గే దగ్గు ఉంటుంది చూడండి, అదీ తగ్గుతుంది. లోటు లేదని కాదు. నూనె కనిపించేటంత ఉంటుంది, బండి మీది ఆ మాడు వాసన రాదు, వేడి మీదే తినేయాలి.

మన గానుగ నువ్వుల నూనె వాడొచ్చా అని అడుగుతారు చాలామంది. వాడొచ్చు గానీ కాచడానికి కాదు, చివర్లో చెంచాడు. చైనా వాళ్ళది నువ్వులు వేయించి తీసిన ముదురు రంగు నూనె, రెండు చుక్కలకే వాసన వస్తుంది, మనది పచ్చి నువ్వులది, ఆ ఘుమఘుమ దానికి లేదు. వేయించిన నువ్వులు చేత్తో నలిపి వేస్తే చాలావరకు దగ్గరికొస్తుంది. మా అత్తమ్మ అయితే "ఆవ పెట్టొచ్చు కదేటి" అంది, నవ్వాం గానీ నిజానికి పనికొస్తుంది. పనసపొట్టు కూరకి చేసినట్టే నానబెట్టి నూరిన ఆవ, పావు చెంచా, నూనె పోసి కలిపాక కాస్త వేడి తగ్గనిచ్చి వేయాలి. వేడి మీద పెడితే ఆవ ఘాటు ఎగిరిపోయి చేదు మిగులుతుంది.

సేమియాతో చేయొచ్చా? వద్దు. సన్నగా ఉంటుంది, నూనె పీల్చుకుని విరిగిపోతుంది, ఉప్మాకే ఉంచండి. బియ్యపు నూడుల్స్ దొరికితే బాగానే ఉంటాయి, ఉడికించక్కర్లేదు, మరిగిన నీళ్ళలో నానబెట్టి వార్చేయడమే.

చివరిగా, ఈ ఎర్ర నూనె బాగుందని సీసాడు చేసి గట్టు మీద పెట్టేవాళ్ళున్నారు. ఎండుమిర్చి, నువ్వులతో మాత్రమే చేస్తే ఫర్వాలేదు. వెల్లుల్లి ఉంటే బయట పెట్టొద్దు, నూనెలో మునిగిన వెల్లుల్లికి గాలి తగలదు, బోట్యులిజం అనే జబ్బు తెచ్చే విషాన్ని పుట్టించే సూక్ష్మజీవికి అలాంటి చోటే కావాలి, వాసనకి కూడా తెలీదు. ఫ్రిజ్‌లో పెట్టి రెండు మూడు రోజుల్లో అవగొట్టేయండి, మర్నాడు పెసరట్టు మీదకి ఎలాగూ అయిపోతుంది.