రాడ్ సెర్లింగ్‌కి ఏది మేలు చేసింది: కలమా, ప్రొడ్యూసర్ కుర్చీనా?

టీవీకి రాసేవాళ్ల మధ్య ఎప్పటికీ తెగని వాదన ఒకటుంది. స్క్రిప్ట్ రాసిచ్చి పక్కకి తప్పుకోవడం మేలా, ప్రొడక్షన్ బరువు కూడా నెత్తికెత్తుకుని కథని కాపాడుకోవడం మేలా? అమెరికన్ రచయిత రాడ్ సెర్లింగ్ రెండూ చేసి చూశాడు. నా ఓటు రెండోదానికే.

మొదటి దారిలో ఆయనకి తక్కువేమీ దక్కలేదు. 1955 జనవరిలో ఆయన టీవీ నాటకం ‘ప్యాటర్న్స్’ లైవ్‌లో వచ్చింది. అప్పట్లో లైవ్ నాటకం ఒకసారి ప్రసారమైతే ఇక అంతే. దీన్ని మాత్రం జనం మళ్లీ కావాలని అడగడంతో నెల తిరక్కుండానే నటులంతా స్టూడియోకొచ్చి మరోసారి లైవ్‌లో ఆడారు. మరుసటి ఏడాది ‘రెక్వియం ఫర్ ఎ హెవీవెయిట్’. రెండింటికీ అమెరికా టీవీ అవార్డులైన ఎమ్మీలొచ్చాయి.

కానీ డబ్బు పెట్టేది స్పాన్సర్. 1955లో మిసిసిపీలో ఎమ్మెట్ టిల్ అనే పద్నాలుగేళ్ల నల్లజాతి కుర్రాణ్ణి చంపేశారు. చంపినవాళ్లని జ్యూరీ నిర్దోషులంది. ఆ కడుపుమంటతో సెర్లింగ్ ‘నూన్ ఆన్ డూమ్స్‌డే’ రాశాడు. దీని వెనక ఉన్నది టిల్ కేసేనని బయటికి పొక్కగానే మిసిసిపీ ఉన్న అమెరికా దక్షిణాది నుంచి బహిష్కరణ బెదిరింపులు మొదలయ్యాయి. స్పాన్సర్‌కి టెన్షన్ పట్టుకుంది. కథ జరిగే చోటుని అమెరికా ఈశాన్యాన ఉన్న న్యూ ఇంగ్లండ్‌కి మార్చారు. హతుణ్ణి ఎవరో పేరులేని విదేశీయుణ్ణి చేశారు. కోకాకోలా దక్షిణాది కంపెనీ కాబట్టి దాని సీసా కనిపిస్తే దక్షిణాది గుర్తొస్తుందని సెట్‌లోంచి అవి కూడా తీసేశారు. పేరు సెర్లింగ్‌దే, మాట మాత్రం చెల్లలేదు.

1959లో అమెరికన్ టీవీ నెట్‌వర్క్ సీబీఎస్‌లో, వారానికో కొత్త వింత కథ చెప్పే ‘ది ట్వైలైట్ జోన్’ సిరీస్ మొదలైంది. ఈసారి సొంత సంస్థ కయుగా ప్రొడక్షన్స్ ఉంది, ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ ఆయనే. 1960లో వచ్చిన మేపుల్ స్ట్రీట్ ఎపిసోడ్ చూడండి. ఒక వీధిలో కరెంటు పోతుంది. గ్రహాంతరవాసి మనలోనే ఉన్నాడన్న అనుమానం పుడుతుంది. సాయంత్రం దాకా మామూలుగా పలకరించుకున్న ఇరుగుపొరుగు చీకటిపడేసరికి ఒకరినొకరు కాల్చుకునేదాకా వస్తారు. టిల్ కథలో చెప్పనివ్వని ద్వేషం ఇక్కడ నిండుగా ఉంది. గ్రహాంతరవాసుల ముసుగు వల్లే ఇది సాధ్యమైందని చాలామంది అంటారు. నేను పూర్తిగా ఒప్పుకోను. ముసుగు ఏ రచయితైనా వేసుకోవచ్చు. ఏ కథ తీయాలి, రిచర్డ్ మాథెసన్, చార్ల్స్ బోమాంట్ లాంటి రచయితల్లో ఎవరిచేత రాయించాలి అని వారం వారం నిర్ణయించే చోట ఆయన కూర్చున్నాడు. తేడా అక్కడే వచ్చింది.

ఈ కుర్చీకి ఖరీదూ ఎక్కువే. 156 ఎపిసోడ్లలో 92 ఆయనే రాశాడు. అలసట తెర మీదే తెలుస్తుంది, చివరి సీజన్లలో పదును తగ్గింది. పైగా తన వాటాని సీబీఎస్‌కి అమ్మేశాడు. ఆ తర్వాత పునఃప్రసారాల మీద వచ్చిన డబ్బంతా వేరేవాళ్లకి పోయింది. ఇది తలుచుకుంటే నాకు ఇప్పటికీ బాధే.

టీవీనే వదిలేయడం ఇంకో దారి. ‘మార్టీ’ని 1953లో టీవీకి రాసిన ప్యాడీ చయెఫ్‌స్కీ సినిమాకెళ్లి మూడు ఆస్కార్లు తెచ్చుకున్నాడు. ఆయనకది కలిసొచ్చింది. సెర్లింగ్ బలం మాత్రం వారం వారం ఇంటింటికీ చేరే చిన్న కథలోనే ఉంది.

అన్నిటికన్నా నష్టం చేసింది 1970 నాటి టీవీ సిరీస్ ‘నైట్ గ్యాలరీ’. తెర మీద ముఖం సెర్లింగ్‌ది, పగ్గాలు ప్రొడ్యూసర్ జాక్ లెయిర్డ్ చేతిలో. సెర్లింగ్ రాసిన స్క్రిప్టులు కూడా తిరిగొచ్చేవి. చూసేవాళ్లు మాత్రం మంచీచెడూ ఆయన ఖాతాలోనే వేశారు. సిరీస్ 1973లో ముగిసింది, 1975లో యాభై ఏళ్లకే ఆయన పోయాడు. అందుకే టీవీకి రాసే కుర్రాళ్లకి నేను చెప్పేది ఒకటే: పూర్తి ప్రొడ్యూసర్ బాధ్యత మోయలేకపోతే మానేయండి గానీ, పేరు మీది వాడుకుంటామంటే మాత్రం స్క్రిప్ట్ మీద ఆఖరి మాట ఎవరిదో సంతకానికి ముందే అగ్రిమెంట్‌లో రాయించుకోండి.