గ్రాఫిక్స్ కార్డు పోలేదు, డ్రైవరే లేదు: సీటీసీలో 300 రూపాయల రిపేరు

మా ఇంటి సిస్టమ్‌కి విండోస్ 10 మళ్లీ వేయించినప్పటి నుంచీ అక్షరాలు లావుగా, సాగదీసినట్టు కనిపిస్తున్నాయి, రిజల్యూషన్ 1024 బై 768 దాటి పోనివ్వదు, యూట్యూబ్ వీడియో ఆగి ఆగి నడుస్తోంది. ఇంటికొచ్చిన టెక్నీషియన్ మా గ్రాఫిక్స్ కార్డు చిప్ కంపెనీ ఎన్విడియా సైట్ నుంచి అన్నిటికన్నా కొత్త డ్రైవర్, అంటే విండోస్‌లో కార్డుని నడిపించే సాఫ్ట్‌వేర్, దించాడు. ఈ డ్రైవర్‌కి సరిపోయే కార్డు దొరకలేదని మెసేజ్ వచ్చింది. అంతే, కార్డు పోయింది, కొత్తది కొనండి అనేశాడు. సిస్టమ్‌లోనే లెక్కలు రాసుకునే మా నాన్నగారికి ఒకటే టెన్షన్.

కొనేముందు ఇంకొకరికి చూపిద్దామని సీపీయూ మోసుకుని సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లోని సీటీసీకి, అదే కంప్యూటర్ షాపులుండే చెనాయ్ ట్రేడ్ సెంటర్‌కి, వెళ్లాను. పై అంతస్తులో చిన్న షాపు. అక్కడి అబ్బాయి స్క్రూలు విప్పకుండా ముందు విండోస్‌లో పార్టుల లిస్టు చూపించే డివైస్ మేనేజర్ తెరిచాడు. మైక్రోసాఫ్ట్ బేసిక్ డిస్‌ప్లే అడాప్టర్ అని ఉంది. "మానిటర్ వైరు కార్డుకే ఉంది, కార్డు పూర్తిగా ఖరాబైతే బొమ్మే రాదు గదా అన్నా" అన్నాడు. అసలు డ్రైవర్ లేనప్పుడు విండోస్ తాత్కాలికంగా పెట్టుకునే పేరట అది. ప్రాపర్టీస్‌లో హార్డ్‌వేర్ ఐడీ కూడా చూపించాడు: అందులో వెన్ (VEN, తయారీ కంపెనీ కోడ్) తర్వాత 10డీఈ ఉంటే ఎన్విడియా, 8086 ఉంటే ఇంటెల్, 1002 ఉంటే ఏఎండీ.

మాది జీటీ 710, ఎన్విడియా పాత చిప్‌లలో కెప్లర్ అనే రకం. వీటికి మామూలు డ్రైవర్లు 2021లోనే ఆపేశారు, ఆ తర్వాత 2024 సెప్టెంబర్ దాకా సెక్యూరిటీ అప్‌డేట్లు మాత్రమే. కొత్త డ్రైవర్ ఈ కార్డుని గుర్తుపట్టకపోవడానికి కారణం అదే, కార్డు పాడై కాదు. ఎన్విడియా సైట్‌లోనే 700 సిరీస్, విండోస్ 10, 64 బిట్ అని ఎంచుకుని, 47తో మొదలయ్యే పాత నంబరు డ్రైవర్ దించి, పాత సెట్టింగులు తీసేసి కొత్తగా వేసే క్లీన్ ఇన్‌స్టలేషన్ టిక్ పెట్టి వేశాడు. రీస్టార్ట్ అయ్యాక 1920 బై 1080 వచ్చేసింది. ఎంత హాయిగా అనిపించిందో!

300 తీసుకున్నాడు. పని అరగంటే, కానీ నా వంతు రావడానికి రెండు గంటలు పట్టింది, బిల్లు అడిగితేగానీ ఇవ్వలేదు, పార్కింగ్ మహా కష్టం. అయినా ఐదుకి నాలుగున్నర ఇస్తాను, ఎందుకంటే కొత్త కార్డు అమ్ముకోగలిగి కూడా ఉన్నదే బాగుచేశాడు. ఆ డ్రైవర్ ఫైల్‌ని నేను అడక్కుండానే మా డీ డ్రైవ్‌లో వేసి, ఈసారి ఫార్మాట్ చేస్తే ఇదే వేసుకోమన్నాడు.