రెండు దుంగల ఇళ్ళు: ఒకటి గుడిలో, ఒకటి ఉన్నచోటే

అమెరికాలో పాత దుంగల ఇంటిని కాపాడటానికి రెండు దారులు కనిపిస్తాయి.

కెంటకీలోని హాడ్జెన్‌విల్‌లో లింకన్ పుట్టిన ఇల్లంటూ ఒక గుడిసెను పాలరాయి, గ్రానైట్‌ల స్మారక మందిరంలో పెట్టారు. 1909లో థియోడర్ రూజ్‌వెల్ట్ పునాదిరాయి వేశారు, 1911లో ప్రారంభం. మెట్లు 56, లింకన్ బతికిన ఏళ్ళన్ని. అంతకుముందు ఈ దుంగల్ని విప్పి ఊరూరా ప్రదర్శనలకు తిప్పారు. 1897 నాష్‌విల్ ప్రదర్శనలో పక్కనే జెఫర్సన్ డేవిస్ (అంతర్యుద్ధంలో లింకన్‌కు ఎదురు నిలిచిన దక్షిణాది అధ్యక్షుడు) గుడిసె అని ఇంకొకటి! తర్వాత రెండింటి దుంగలూ కలిసిపోయాయట. మందిరంలో పట్టేందుకు గుడిసెను కుదించారు కూడా. 2004లో చెట్టు వలయాలు లెక్కపెడితే దుంగలు 1840ల నాటివని తేలింది. లింకన్ పుట్టింది 1809లో. ఇప్పుడు దాన్ని ‘ప్రతీక’ అంటున్నారు. కప్పు, గోడలు భద్రం, చరిత్రే జారిపోయింది.

న్యూజెర్సీలోని గిబ్స్‌టౌన్‌లో నాత్‌నాగల్ ఇల్లు కట్టినచోటే ఉంది. స్వీడన్ వాళ్ళు అమెరికాలో స్థాపించిన న్యూ స్వీడన్ వలసకాలం నాటిదని, 1638-43 మధ్య కట్టారని చెబుతారు. మూలల్లో దుంగలు ఒకదాన్నొకటి పట్టుకునేలా చెక్కి పేర్చారు. తర్వాతి కాలంలో పక్కన గదులు చేర్చారు. వానా చెదలూ దీనికే టెన్షన్, మరమ్మతు ఎప్పటికీ తెమలదు. అయినా నా ఓటు దీనికే. దుంగ ఎక్కడిదో చెప్పడానికి ఇక్కడ నేల కూడా సాక్ష్యమే.